తెనాలి డీటీపీ షాపు సిస్టమ్‌లో ఫ్రీ ఫైర్ మ్యాక్స్: ఒక రిపేరు కేసు

2024 మే నెల చివరి వారం. ఎన్నికల కరపత్రాల పని అయిపోయింది. మూఢం వచ్చి శుభలేఖల పని లేదు. తెనాలిలో నాకు తెలిసిన ఒక డీటీపీ, జిరాక్స్ షాపాయన సిస్టమ్ క్యాబినెట్‌ను స్కూటర్ ముందు పెట్టుకుని మా షాపుకు తెచ్చాడు. వెనక కొడుకు కూర్చుని ఉన్నాడు. పదో తరగతి పాసై ఇంటర్‌లో చేరబోతున్న కుర్రాడు.

"తమ్ముడూ, వీడు ఇందులో ఏదో ఫోన్ ఆట ఎక్కించాడు. అప్పట్నుంచి పేజ్‌మేకర్ క్లిక్ చేసి టీ తాగి రావాల్సి వస్తోంది. నువ్వేం చేస్తావో చెయ్యి. అను ఫాంట్లు మాత్రం పోకూడదు, విండోస్ మార్చకూడదు."

తెలుగు డీటీపీ చేసేవాళ్లకు ఈ భయం ఎందుకో నేను చెప్పక్కర్లేదు. పేజీలు కూర్చే పాత పేజ్‌మేకర్, తెలుగు టైపింగ్‌కు అను స్క్రిప్ట్ మేనేజర్, పదేళ్ల కార్డుల ఫైళ్లు, వాటికి సరిపడే ప్రింటర్ డ్రైవర్, అన్నీ ఒక దాని మీద ఒకటి పేర్చినట్టు ఉంటాయి. ఒకటి కదిపితే మిగతావి కూలతాయి. అందుకే ఆ షాపులో 2024లోనూ విండోస్ 7 నడుస్తోంది.

ఆ సిస్టమ్ 2012లో నేను అసెంబుల్ చేసిచ్చిందే. ఐ3-2120 ప్రాసెసర్, హెచ్61 బోర్డు, 4 జీబీ డీడీఆర్3 ర్యామ్, 500 జీబీ హార్డ్ డిస్క్. విడిగా గ్రాఫిక్స్ కార్డు లేదు. విండోస్ 7, 64-బిట్. అప్‌డేట్లు ఎప్పుడో ఆపేశారు.

తెచ్చినప్పటి స్థితి

కుర్రాడు దాచకుండా చెప్పాడు. వాడి ఫోన్‌లో ఫ్రీ ఫైర్ మ్యాక్స్ అనే కాల్పుల ఆట ఆడితే ఫోన్ కాలిపోతోంది. పెద్ద స్క్రీన్ మీద, మౌస్‌తో ఆడాలని కోరిక. ముందు ఒక కొత్త ఎమ్యులేటర్ (కంప్యూటర్‌లో ఆండ్రాయిడ్ ఫోన్‌లా నడిచే ప్రోగ్రాం) ఎక్కించాడు, డ్రైవర్ లోడ్ కాలేదని చెప్పి ఆగిపోయింది. పాత సిస్టమ్‌కు పాత ఎమ్యులేటరే తేలిక అని ఎవరో చెబితే ఆండ్రాయిడ్ 4.4 ఉన్న పాత వెర్షన్ ఒకటి వెతికి ఎక్కించాడు. అది తెరుచుకుంది గానీ గూగుల్ లాగిన్ దగ్గర గుండ్రంగా తిరుగుతూ ఉండిపోయింది. మూడోది ఒక వీడియో కింద ఇచ్చిన లింకు నుంచి దించిన 'లైట్' వెర్షన్. రెండు జీబీ ర్యామ్‌లో కూడా లాగ్ ఉండదని ఆ వీడియోలో ఉందట. ఎక్కించే ముందు యాంటీవైరస్ ఆపేయమని కూడా అందులోనే ఉందట. ఆపేశాడు.

వాడు ఎక్కించిన ఎమ్యులేటర్ల పేర్లు కావాలనే రాయడం లేదు. ఈ కేసులో తప్పు వాటిది కాదు. మొదట్లో కొంత నాది కూడా, అది తర్వాత చెబుతాను.

నేను ముందు చూసింది ఆ మూడో దాన్నే. దానితో పాటు ఇంకో రెండు ప్రోగ్రాములు దిగాయి. బ్రౌజర్ హోమ్ పేజీ మారిపోయింది. సిస్టమ్ ఖాళీగా ఉన్నప్పుడు కూడా ప్రాసెసర్ సగానికి పైగా పనిచేస్తోంది. పేజ్‌మేకర్ నెమ్మదించడానికి అసలు కారణం ఇదే, ఆట కాదు. ఇంకో సంగతి చూసి నాకు ఆట మీద ఆసక్తి పోయి టెన్షన్ మొదలైంది. డెస్క్‌టాప్ మీద 'స్కాన్స్' అని ఒక ఫోల్డర్. అందులో ఊళ్లో వాళ్ల ఆధార్ కార్డులు, పాస్‌బుక్ మొదటి పేజీలు, పట్టాదారు పాసుపుస్తకాలు వందల కొద్దీ ఉన్నాయి. జిరాక్స్ షాపుల్లో మామూలే, స్కాన్ చేసినవి ఎవరూ తుడపరు. యాంటీవైరస్ ఆపి, ఎవరు మార్చారో తెలియని ఇన్‌స్టాలర్ నడిపింది ఆ ఫోల్డర్ పక్కనే.

ఎమ్యులేటర్ అంటే అంత భయమా అని అడిగేవాళ్లకు ఒక మాట. 2021 ఫిబ్రవరిలో ఈసెట్ అనే సెక్యూరిటీ సంస్థ ఒక సంగతి బయటపెట్టింది. నాక్స్‌ప్లేయర్ అనే ఎమ్యులేటర్ అప్‌డేట్ వచ్చే దారిలోనే చొరబడి, ఎంపిక చేసిన కొద్దిమందికి మాల్‌వేర్ పంపారు. బాధితులు తైవాన్, హాంకాంగ్, శ్రీలంకల్లో ఉన్నారు. అసలైన కంపెనీ అప్‌డేట్‌కే ఆ గతి పట్టినప్పుడు, వీడియో కింద లింకు సంగతి ఆలోచించుకోవాలి.

హార్డ్ డిస్క్ మొత్తానికి ఇమేజ్, అంటే యథాతథ నకలు, తీసి పక్కన పెట్టుకున్నాను. ఆ తర్వాతే చెయ్యి పెట్టాను. మూడు ఎమ్యులేటర్లూ, వాటితో వచ్చిన చెత్తా తీసేసేసరికి మధ్యాహ్నమైంది. పేజ్‌మేకర్ మామూలుగా తెరుచుకుంది.

షాపాయన పని అక్కడికి అయిపోయింది. కుర్రాడు మాత్రం కదల్లేదు. "బాబాయ్, ఆట ఒక్కసారి ఆడేలా చెయ్యవా?" తండ్రి నా వైపు చూసి, "ఖర్చు లేకుండా అయితే చూడు" అన్నాడు.

పాతది ఎందుకు తేలికనిపిస్తుంది

ఇక్కడ కాస్త ఆగి ఎమ్యులేటర్ లోపల ఏం జరుగుతుందో చెప్పాలి. లేకపోతే తర్వాత చేసినవన్నీ మంత్రాల్లా కనిపిస్తాయి.

ఫోన్ ఆటల్లో బరువైన భాగాన్ని ఫోన్లలో ఉండే ఏఆర్ఎం ప్రాసెసర్ కోసం తయారుచేస్తారు. మన సిస్టమ్‌లో ఉండేది ఎక్స్86. ఒకరి భాష ఇంకొకరికి రాదు, మధ్యలో దుబాసీ కావాలి. ఆ దుబాసీ పనికి ఇంటెల్ హూడినీ అనే లైబ్రరీ తయారుచేసింది. ఆటలోని ఏఆర్ఎం కోడ్‌ను అది ఎక్స్86కు మారుస్తుంది. ఇది కాక, విండోస్ లోపల ఆండ్రాయిడ్ మొత్తం ఒక అతిథిలా నడవాలి. ఆ అతిథికి ప్రాసెసర్ నేరుగా చోటిస్తే వేగంగా ఉంటుంది. ఆ ఏర్పాటు పేరు ఇంటెల్‌లో వీటీ-ఎక్స్, ఏఎండీలో ఎస్వీఎం. అది లేకపోతే ఆ పనంతా సాఫ్ట్‌వేర్ మీద పడుతుంది.

బ్లూస్టాక్స్ అనే ఎమ్యులేటర్ మొదటి ఆల్ఫా, అంటే ప్రయోగాత్మక వెర్షన్, వచ్చింది 2011 అక్టోబర్‌లో. ఆ తరం ఎమ్యులేటర్లు వీటీ లేని ప్రాసెసర్ల మీద కూడా నడిచేవి, ఎందుకంటే అప్పట్లో చాలా సిస్టమ్‌లలో అది ఉండేది కాదు. లోపలి ఆండ్రాయిడ్ చిన్నది, ఆటలూ చిన్నవి. బ్లూస్టాక్స్ 2 కాలానికి కిట్‌క్యాట్, అంటే ఆండ్రాయిడ్ 4.4. బ్లూస్టాక్స్ 4 నాటికి 7. పైకి వెళ్లే కొద్దీ ఖాళీగా ఉన్నప్పుడు తినే ర్యామ్ కూడా పెరిగింది. కాబట్టి పాత వెర్షన్ తేలిక అన్న మాట అబద్ధం కాదు. తెరుచుకోవడం వరకూ తేలికే.

తెరుచుకున్నాక కథ వేరు. గూగుల్ లాగిన్ పని చూసే గూగుల్ ప్లే సర్వీసెస్‌ను 2023 ఆగస్టు నుంచి కిట్‌క్యాట్‌కు కొత్తగా ఇవ్వడం మానేశారు. వెబ్‌సైట్లు అసలైనవేనని సర్టిఫికెట్లు ఇచ్చే లెట్స్ ఎన్‌క్రిప్ట్ వాళ్ల సొంత రూట్ సర్టిఫికెట్ 7.1.1 కంటే ముందు ఆండ్రాయిడ్‌లలో ఉండదు, కాబట్టి చాలా వెబ్‌సైట్ల దగ్గర కూడా పేచీ వస్తుంది. ఇవన్నీ దాటినా ఆటే ఒప్పుకోకపోవచ్చు. 2019 ఆగస్టు 1 నుంచి ప్లే స్టోర్‌లో పెట్టే యాప్‌లకు 64-బిట్ వెర్షన్ కూడా ఉండి తీరాలన్నారు. ఆ తర్వాత కొన్ని ఆటలు 32-బిట్‌ను వదిలేశాయి. పాత ఎమ్యులేటర్లలో ఉండేది చాలావరకు 32-బిట్ ఆండ్రాయిడే. అక్కడ దుబాసీకే ఆ భాష రాదు.

అందుకే నా దగ్గరికి వచ్చి "ఏ ఎమ్యులేటర్ మంచిది?" అని అడిగితే, "ఏ ఆట?" అని తిరిగి అడుగుతాను. ఆటను బట్టి ఆండ్రాయిడ్ వెర్షన్, దాన్ని బట్టి ఎమ్యులేటర్, ఆ తర్వాతే సిస్టమ్. జనం సిస్టమ్ దగ్గర మొదలుపెడతారు, అందుకే కిట్‌క్యాట్ దగ్గర తేలతారు.

మొదటి రోజు

కుర్రాడికి కావాల్సింది ఫ్రీ ఫైర్ మ్యాక్స్. మామూలు ఫ్రీ ఫైర్‌ను మన దేశంలో 2022 ఫిబ్రవరిలో నిషేధించారు, మ్యాక్స్ మిగిలింది. దానికి ఆండ్రాయిడ్ 7 ఉన్న ఎమ్యులేటర్ చాలనుకున్నాను. వాడు బీజీఎంఐ (పబ్జీకి మన దేశపు రూపం) అడిగి ఉంటే అక్కడే ఆపేసేవాడిని. ఆ ఆట నిబంధనలు ఎమ్యులేటర్‌ను ఒప్పుకోవు, అకౌంట్ పోతుంది. ఫ్రీ ఫైర్ అయితే ఎమ్యులేటర్ వాళ్లను గుర్తుపట్టి అలాంటివాళ్లతోనే జత చేస్తుంది. ఆ మాట చెబితే కుర్రాడి ముఖం వాడిపోయింది. ఫోన్‌లో ఆడే స్నేహితుల మీద మౌస్‌తో చెలరేగుదామనుకున్నాడు మరి.

వాడు మొదట ఎక్కించిన కొత్త ఎమ్యులేటర్‌లో డ్రైవర్ ఎందుకు లోడ్ కాలేదు? ఇది విండోస్ 7 వాళ్లందరికీ పనికొచ్చే విషయం. ఇప్పటి డ్రైవర్లకు డిజిటల్ సంతకం షా-2 పద్ధతిలో ఉంటుంది. అప్‌డేట్లు లేని విండోస్ 7కు ఆ సంతకం చదవడం రాదు. 64-బిట్ విండోస్ అయితే సంతకం తెలియని డ్రైవర్‌ను గుమ్మం దగ్గరే ఆపేస్తుంది. 2019లో మైక్రోసాఫ్ట్ దీనికి ఒక ప్యాచ్ ఇచ్చింది, కేబీ4474419. దాంతోపాటు కేబీ4490628 కూడా వేసి రీస్టార్ట్ చేశాక అదే డ్రైవర్ ఏ గొడవా లేకుండా లోడ్ అయింది. అంటే కుర్రాడు పాత ఎమ్యులేటర్ వైపు వెళ్లాల్సిన అవసరమే లేదు. వాడికి సిస్టమ్ పాతబడినట్టు కనిపించింది. నిజానికి లేనిది ఒక ప్యాచ్.

తర్వాత వీటీ. విండోస్ 7 టాస్క్ మేనేజర్‌లో అది కనిపించదు. లియోమూన్ సీపీయూ-వీ అనే చిన్న టూల్ నడిపితే ప్రాసెసర్‌లో ఉంది, బయోస్‌లో (విండోస్ కంటే ముందు లేచే బోర్డు సెట్టింగ్స్‌లో) ఆపి ఉంది అని చూపింది. బయోస్‌లోకి వెళ్లి ఆన్ చేసి, ఎఫ్10తో సేవ్ చేశాను.

ఎమ్యులేటర్‌కు రెండు కోర్లు, 1.5 జీబీ ర్యామ్ ఇచ్చాను, రిజల్యూషన్ 960 ఇంటూ 540. బొమ్మ గీసే పద్ధతిని ఓపెన్‌జీఎల్‌లో పెడితే ఆటలో గోడలు నల్లగా వచ్చాయి. డైరెక్ట్ ఎక్స్‌కు మార్చాక రంగులు తేలాయి. ఆట తెరుచుకుంది, లాగిన్ అయింది. లో సెట్టింగ్స్‌లో సెకనుకు ఇరవై ఫ్రేములకు అటూ ఇటూ. గొప్పేమీ కాదు గానీ ఆడొచ్చు. వాడు నా కౌంటర్ మీదే ఒక మ్యాచ్ ఆడేసి కానీ లేవలేదు.

రెండో రోజు

మర్నాడు పొద్దున పదింటికి షాపాయన ఫోన్. "తమ్ముడూ, మళ్లీ మొదటికొచ్చింది. వాడి ఆట నత్తలా నడుస్తోంది, లాగిన్ కూడా అవడం లేదట."

ఫోన్‌లోనే నాకు తోచింది చెప్పాను: వేరే ప్రోగ్రాములు మూసెయ్యి, రీస్టార్ట్ చెయ్యి. కుదరలేదు. భోజనం చేసి వాళ్ల షాపుకే వెళ్లాను. వెళ్లేసరికి ఆయన ఆధార్ స్కాన్ చేస్తున్నాడు. స్కాన్ ఫైల్ తేదీ చూస్తే 2011 జనవరి 1.

"అన్నా, ఈ డేట్ ఏంటి?"

"అదా, రోజూ పొద్దున్నే మార్చుకుంటాను. ఇవాళ మర్చిపోయా. రెండేళ్ల నుంచీ అంతే కదా."

"ఆన్ చేయగానే ఎఫ్1 కూడా నొక్కాలి బాబాయ్" అన్నాడు కుర్రాడు.

అసలు సంగతి అప్పుడు వెలిగింది. బోర్డు మీది సీమాస్ బ్యాటరీ చచ్చిపోయింది. రాత్రి షాపు మూసేటప్పుడు ఆయన మెయిన్ ఆపేస్తాడు. కరెంటు పోగానే బయోస్ అన్నీ మర్చిపోతుంది, పొద్దున ఎఫ్1 నొక్కితే మొదటి సెట్టింగ్స్‌తో లేస్తుంది. నేను ఆన్ చేసిన వీటీ మళ్లీ ఆఫ్. తేదీ 2011కు పోయింది కాబట్టి సర్టిఫికెట్లు చెల్లవు, లాగిన్ కాదు. నత్తనడకకూ లాగిన్ గొడవకూ మూలం ఒకటే.

ఇది నాకు మొదటి రోజే తెలియాల్సింది. క్యాబినెట్ నా దగ్గరికి వచ్చినప్పుడు కూడా తేదీ తప్పే చూపింది. స్కూటర్ మీద తెచ్చారు కదా, కరెంటు లేకుండా ఉంది కదా అనుకుని చేత్తో మార్చేసి మర్చిపోయాను. ఇరవై ఏళ్ల సర్వీసులో ఆ ఎఫ్1 మెసేజ్ ఎన్ని వందల సార్లు చూసి ఉంటానో. అలవాటైపోయినవే కంటికి ఆనవు. మల్టీమీటర్ పెడితే 2.1 వోల్టులు. కొత్త సీఆర్2032 వేసి, తేదీ సరిచేసి, వీటీ మళ్లీ ఆన్ చేసి, మెయిన్ ఆపి పావుగంట ఆగి చూశాను. నిలబడింది.

ఒక అనుమానం మిగిలింది. కిట్‌క్యాట్ ఎమ్యులేటర్‌లో లాగిన్ కాకపోవడానికి కూడా తేదీయే కారణమేమో? అలా అయితే పైన నేను చెప్పిన ప్లే సర్వీసెస్ కథ ఈ కేసుకు వర్తించదు. ఆ పాత వెర్షన్‌ను మా షాపులో వేరే సిస్టమ్ మీద, తేదీ సరిగ్గా ఉంచి ఎక్కించి చూశాను. అక్కడా లాగిన్ దగ్గర తిరుగుతూనే ఉంది. అంటే రెండు జబ్బులకూ లక్షణం ఒక్కటే. ఒకటి నయమైతే రెండోది కనిపిస్తుంది.

ఖర్చు పెట్టించిన భాగం

ఆట నడిచింది గానీ ఇంకో వారానికి షాపాయనే వచ్చాడు. వాడు ఆట మూయకుండా మినిమైజ్ చేసి వెళ్తే, 4 జీబీ ర్యామ్‌లో పేజ్‌మేకర్‌కు ఊపిరి ఆడటం లేదు. నాకు మాత్రం ర్యామ్ కంటే ఆ స్కాన్స్ ఫోల్డర్ గురించే బెంగ. మైక్రోసాఫ్ట్ విండోస్ 7కు 2020 జనవరి 14నే సపోర్ట్ ఆపేసింది. దాని మీద ఆన్‌లైన్ ఆట, పక్కనే ఊరి ఆధార్‌లు. ఆ సంగతి నెమ్మదిగా చెబితే ఆయనకు అర్థమైంది. ఖర్చుకు ఒప్పుకున్నాడు.

ఆటకు వేరే ఇల్లు కట్టాం. 120 జీబీ ఎస్ఎస్‌డీ ఒకటి పెట్టి దాంట్లో విండోస్ 10 ఎక్కించాను. పాత హార్డ్ డిస్క్‌లోని విండోస్ 7ను ముట్టుకోలేదు. ఆన్ చేసేటప్పుడు బూట్ మెనూలో ఏది కావాలో ఎంచుకుంటారు. విండోస్ 10లో డిస్క్ మేనేజ్‌మెంట్‌కు వెళ్లి ఆ హార్డ్ డిస్క్‌ను ఆఫ్‌లైన్ చేశాను. కుర్రాడి అకౌంట్‌కు అడ్మిన్ హక్కు ఇవ్వలేదు, కాబట్టి వాడు ఏం దించుకున్నా స్కాన్‌ల దాకా చేయి చాచలేడు. డీటీపీ వైపు నుంచి ఇంటర్నెట్ తీసేశాం. ఆయనకు వచ్చే ఫైళ్లు వాట్సాప్‌లో ఫోన్‌కే వస్తాయి, పెన్‌డ్రైవ్‌లో వేసుకుంటాడు. కస్టమర్ పని కాగానే స్కాన్ తుడిచేయమన్నాను. తుడుస్తున్నాడో లేదో మరి.

రెండో తరం ఇంటెల్ గ్రాఫిక్స్‌కు ఇంటెల్ విండోస్ 10 డ్రైవర్ ఇవ్వలేదు, విండోస్ తనంతట తాను వేసుకునే దానితోనే సర్దుకోవాలి. ఓపెన్‌జీఎల్ అక్కడ ఇంకా అధ్వానం. ఇక్కడా డైరెక్ట్ ఎక్స్‌తోనే పని జరిగింది. ర్యామ్ 8 జీబీ చేయడంతో ఎమ్యులేటర్‌కు 3 జీబీ ఇవ్వగలిగాను. హార్డ్ డిస్క్ మీద ఎమ్యులేటర్ హోమ్ స్క్రీన్ రావడానికి రెండు నిమిషాల పైన పట్టేది. ఎస్ఎస్‌డీ మీద నలభై సెకన్లలోపే వచ్చింది. ఫ్రేములు ఇరవై ఎనిమిది, ముప్పై మధ్య నిలబడ్డాయి. జీటీ 710 గ్రాఫిక్స్ కార్డు పెడితే ఇంకాస్త బాగుండేది. దానికి 19 వాట్లే, పాత ఎస్ఎంపీఎస్ (కరెంటు సప్లై డబ్బా) కూడా మోస్తుంది. తండ్రి ఆ మాట విననట్టే ఉండిపోయాడు.

బిల్లు: పాత 4 జీబీ ర్యామ్ 600, ఎస్ఎస్‌డీ 1,250, బ్యాటరీ 40, నా కూలి 700. మొదటి రోజే బ్యాటరీ మార్చి ఉంటే మధ్యలో ఒక రోజు కలిసొచ్చేది కాబట్టి ఆ రోజు కూలి వేయలేదు.

పాత ఎమ్యులేటర్ ఎప్పుడు సరైంది

ఇదంతా చదివి పాత ఎమ్యులేటర్ ఎందుకూ పనికిరాదనుకోవద్దు. ఈ కేసు తర్వాత కొన్ని నెలలకు ఒకావిడ వచ్చింది. ఆమె కొత్త ఫోన్‌లో ఆండ్రాయిడ్ 14. ఎప్పుడో దాచుకున్న ఒక ఆఫ్‌లైన్ పజిల్ ఆట ఏపీకే (ఇన్‌స్టాల్ చేసే ఫైల్) అందులో ఎక్కడం లేదు. ఆండ్రాయిడ్ 14, మరీ పాత వెర్షన్ల కోసం, అంటే 6 కంటే ముందు వాటిని లక్ష్యంగా పెట్టుకుని తయారైన యాప్‌లను ఇన్‌స్టాల్ చేయనివ్వదు. ఆమె ల్యాప్‌టాప్‌లో ఆండ్రాయిడ్ 5.1 ఉన్న పాత ఎమ్యులేటర్ పెట్టి, దానికి ఇంటర్నెట్ ఆపేసి, ఏ అకౌంటూ పెట్టకుండా ఆ ఆట ఎక్కించాను. చక్కగా నడిచింది. పాత ఆటకు పాత ఎమ్యులేటర్ సరిగ్గా సరిపోయింది.

ఆ ల్యాప్‌టాప్‌లో ఇబ్బంది పూర్తిగా తిరగబడి వచ్చింది. బయోస్‌లో వీటీ ఆన్‌లోనే ఉంది గానీ విండోస్ 11లో మెమరీ ఇంటెగ్రిటీ, వర్చువల్ మెషిన్ ప్లాట్‌ఫాం ముందే దాన్ని పట్టుకు కూర్చున్నాయి. వాటి వెనక ఉండే హైపర్-వీ (విండోస్ సొంత వర్చువల్ మెషిన్ వ్యవస్థ)తో కలిసి నడవడం పాత ఎమ్యులేటర్లకు రాదు. ఆ రెండూ ఆపితే గానీ లేవలేదు. మెమరీ ఇంటెగ్రిటీ అంటే భద్రత కోసం పెట్టింది, కాబట్టి ఆట అయ్యాక మళ్లీ ఆన్ చేసుకోవడం ఆమెకు నేర్పాను.

ఆగిపోయిన సరుకు కూడా చాలా ఉంది, దించేముందు చూసుకోవాలి. లీప్‌డ్రాయిడ్ అనే ఎమ్యులేటర్ చేసినవాళ్లు 2016లో గూగుల్‌కు వెళ్లిపోయారు. రీమిక్స్ ఓఎస్ 2017లో, ఆమిడ్యూఓఎస్ 2018లో ఆగాయి. విండోస్ 11లో మైక్రోసాఫ్ట్ తానే పెట్టిన ఆండ్రాయిడ్ సబ్‌సిస్టమ్‌కు కూడా 2025 మార్చి 5తో తెర పడింది. ఇలాంటి వాటి ఇన్‌స్టాలర్లు ఇప్పుడు దొరికేది ఎక్కువగా ఇతరుల సైట్లలోనే. గూగుల్ ప్లే గేమ్స్ పీసీ వెర్షన్ అధికారికమైన దారే గానీ అది నాలుగు కోర్లు, 8 జీబీ ర్యామ్, ఎస్ఎస్‌డీ అడుగుతుంది. ఐ3-2120లో ఉన్నవి రెండు కోర్లే.

కుర్రాడు ఇంటర్‌లో చేరి హాస్టల్‌కు వెళ్లిపోయాడు. విండోస్ 10కు కూడా 2025 అక్టోబర్ 14తో మామూలు సపోర్ట్ అయిపోయింది. ఆ వారంలోనే వెళ్లి ఎమ్యులేటర్‌లో వాడి గూగుల్ అకౌంట్ తీసేసి, ఎస్ఎస్‌డీని ఖాళీ చేశాను. ఇప్పుడు దాంట్లో పాత కార్డుల ఫైళ్ల బ్యాకప్ ఉంది.